జూన్ ఒకటిన పుట్టిన పిల్ల

మధ్యాహ్నం రెండుంబావు. వకీలు మాలతి మేడం ఆఫీసు భివండీ కనేరిలో ఒక మేడమీద ఉంది, కింద ఎవరిదో కార్ఖానా, ఇరవైనాలుగు సాంచాలు, కరెంటు మగ్గాలు, ఒకే తీరున కొట్టుకుంటుంటే ఆ అదురు మెట్లెక్కి వచ్చి, నేలమీదుగా పాకి, కుర్చీ కాళ్ళల్లోంచి కనకవ్వ నడుములోకి చేరుతోంది. ఇంకొకరైతే తలనొప్పి అని లేచిపోయేవాళ్ళు. కనకవ్వకు మాత్రం పొద్దుటినుంచి లేని ధైర్యం ఆ అదురుకే కాస్త వచ్చినట్టయింది. సాంచాలు నడుస్తున్నాయంటే లోకం నడుస్తున్నట్టే, పొయ్యిమీద బియ్యం ఉడుకుతున్నట్టే. ఎదురుగా బల్లమీద కంప్యూటరు, అందులో ముంబై హైకోర్టు. ఎంత పెద్ద కోర్టు, ఎంత చిన్న డబ్బాలో ఇమిడిపోయింది! పైన ఇద్దరు జడ్జిలు, చుట్టూ అగ్గిపెట్టెలంత గళ్ళు, గడికొక నల్లకోటు. ఒక గడిలో తామిద్దరూ ఉన్నారు: రూపాయంత బొట్టుతో తను, పక్కన పెనిమిటి సిద్ధిరాములు, ముప్పైరెండేళ్ళు సాంచాల నడుమ నిలబడి చెవులు ముప్పాతిక పోగొట్టుకున్న మనిషి, ఇస్త్రీ చొక్కా వేసుకుని, పెళ్ళిచూపులకు వచ్చినవాడిలా చేతులు తొడలమీద పెట్టుకుని కూర్చున్నాడు. ఆ చొక్కా కూతురు కోమల్ తీసిచ్చిందే కదా, మొన్న దసరాకు, అనుకుంది కనకవ్వ, అనుకుని వెంటనే తనను తనే తిట్టుకుంది, ఏది చూసినా ఆ పిల్లే కనిపిస్తే ఈ గంట గడిచేదెట్లా. వాళ్ళ నంబరు ముప్పైనాలుగు. ఇప్పుడు ముప్పై నడుస్తోంది.

నలభై రోజుల కింద కోమల్ కాలేజీకని పోయి తిరిగి రాలేదు. ఠాణాలో రాసిచ్చారు, వెతుకుతున్నామన్నారు, నెల తిరిగింది, కనకవ్వ కండెలు చుట్టే మిషను మీద చెయ్యి పెడితే దారం తెగుతోంది, అన్నం ముందు కూర్చుంటే ముద్ద దిగడం లేదు, అప్పుడు ఎవరో చెబితే ఈ మేడం దగ్గరికి వచ్చారు. భివండీలోనే పుట్టిన తెలుగు పిల్ల, నల్లకోటు వేసుకున్నా మాట మాత్రం మన మాటే. "పోయిన మనిషిని తెచ్చి మా కండ్లముందట నిలవెట్టున్రి అని పెద్ద కోర్టును అడుగుడు అక్కా. హెబియస్ కార్పస్ అంటరు దాన్ని," అని చెప్పింది. కనకవ్వకు ఆ పేరుకు నోరు తిరగలేదు, మనిషి అర్జీ అని తనే ఒక పేరు పెట్టుకుంది. ఆస్తి అర్జీ కాదు, ఇంటి అర్జీ కాదు, మనిషి అర్జీ. మనిషిని చూపించండి చాలు అని అడిగే కాగితం కూడా ఉంటుందని తెలిసిన రోజున ఆమెకు సర్కారు మీద మొదటిసారి ప్రేమ పుట్టింది. మేడం కాగితాలు అడిగింది: పిల్ల ఫోటో, ఆధార్, బడి సర్టిఫికెట్. సిద్ధిరాములు తెచ్చిచ్చి, అర్జీ మీద తనే సంతకం పెట్టాడు. ఎవరు అడిగినా అవే ఇస్తారు, పన్నెండేళ్ళుగా అవే ఇస్తున్నారు, చెయ్యి దానంతటదే ఆ కవరు మీదికి పోతుంది. ఏం ఇస్తున్నామో ఎవరు చూసుకున్నారు?

ఇవాళ పొద్దున మెట్లెక్కుతూనే మేడం నవ్వుతూ ఎదురొచ్చింది. "అక్కా, మొన్న సోలాపూర్‌ల దొరికిన్రు పిల్ల, ఆ పిల్లగాడు ఇద్దరు. ఇయ్యాల అక్కడి ఠాణా నుంచే పిల్లను వీడియోల చూపిస్తరు. టెన్షన్ తీస్కోకు. బడి కాగితం ప్రకారం పిల్లకు పదిహేడేండ్ల ఏడు నెలలే, నాబాలిగ్, మైనర్ అన్నట్టు. జడ్జి సాబ్ మీకే అప్పజెప్తడు." ఎంత సంతోషం! కనకవ్వ చేతులెత్తి మొక్కింది, ఎవరికి మొక్కిందో తెలియదు, గోడమీద క్యాలెండరుకే మొక్కింది. పిల్ల వస్తుంది, తలకు నూనె పెట్టాలి, నలభై రోజుల నుంచి ఎవరు పెట్టారో ఏమో, ఆ జుట్టు చిక్కులు పడి ఉంటుంది. ఆ సంతోషంలోనే ఊరికే నోటికొచ్చి అడిగింది, మరి రానంటేనో అని. "రానంటే పద్దెనిమిది నిండేదాక ఆడపిల్లల హోంల పెడతరు. ఆ పిల్లగాడు వైభవ్ మీద మాత్రం పోక్సో కేసు గట్టిగ నిలవడ్తది, పదేండ్లు పడ్డా పడ్తది. పిల్లేమో నాకు పందొమ్మిది అని అక్కడ ఒక్కటే తీరుగ అంటున్నదట. అందరు గట్లనే అంటరు. కోర్టు కాగితం చూస్తది, మాట చూడది." మేడం ఇంత చెప్పి టీ తెప్పించడానికి పోయింది. కనకవ్వ సిద్ధిరాములు వైపు చూసింది, సిద్ధిరాములు కనకవ్వ వైపు చూశాడు. పందొమ్మిది నిజం.

జూన్ ఒకటి! ఆ తేదీ పుట్టిన రోజు ఆమెకు నిన్నటిలా గుర్తుంది. పిల్ల నిజంగా పుట్టిన రోజు కాదు, తేదీ పుట్టిన రోజు. కార్ఖానాలు నడవక కొన్నేళ్ళు ఊళ్ళో, నడిస్తే కొన్నేళ్ళు భివండీలో, అటూ ఇటూ తిరగడంలో కోమల్‌కు ఎనిమిది దగ్గరపడినా బడి మొహం చూడలేదు. సిద్ధిరాములు డ్యూటీ దిగి, తలనిండా దూది నూగుతో, దెయ్యంలా మరాఠీ బడికి పోయాడు. ఎనిమిదేళ్ళ పిల్లను ఒకటో తరగతిలో కూర్చోబెట్టుకోరేమోనని భయం. ఎన్నేళ్ళు అని టీచరమ్మ అడిగితే ఆరు అన్నాడు. తేదీ అంటే బిక్కమొహం వేశాడు. ఆమెకు అలవాటే, అందరికీ రాసినట్టే జూన్ ఒకటి అని రాసిపారేసింది. కనేరిలో సగం పిల్లలు జూన్ ఒకటినే పుట్టారు. ఏం చిత్రమో, కనేరి తల్లులంతా ఒక్కరోజే నొప్పులు పడ్డారు! ఆ రోజు బడికి వేసవి సెలవులు కాబట్టి ఒక్క తల్లికీ చాక్లెట్లు పంచే బాధ కూడా లేదు. ఇంటికొచ్చి ఆయన ఆ సంగతి చెబితే కనకవ్వ కడుపుబ్బ నవ్వింది, "ఒక్క పూటల పిల్లను రెండేండ్లు చిన్నగ చేసినవు, నన్ను సుత తీస్కపోవద్దా!" అని. పిల్లకేమో ఆ సంగతి ఎంత ఇష్టమో. "కాగితంల ఒక కోమల్, ఇంట్ల ఒక కోమల్, అమ్మా. కాగితం కోమల్‌కు పుట్టినరోజు నాడు బడి లేదు, హోంవర్క్ లేదు, మజా," అనేది. నవ్వుతూ రాయించిన రెండేళ్ళు ఇవాళ పెద్ద కోర్టు బల్లమీద కూర్చుని, ఒక పిల్లగాణ్ణి పదేళ్ళు లోపలికి పంపుతానంటున్నాయి.

ఇంటి కోమల్ పుట్టింది రాఖీ పున్నం ముందురోజు. మర్నాడు మార్కండేయ స్వామి రథం, కార్ఖానాలన్నీ బందు, అందుకని ఆ పూట సాంచాల మీదున్న బట్టనంతా కోసి తాకాలుగా, అంటే తానులుగా, మడతపెడుతున్నారు. సిద్ధిరాములు తల్లి పెట్టిన పద్ధతి ఒకటి ఉంది వాళ్ళింట్లో: పుట్టిన బిడ్డను ముందు తండ్రి సాంచా మీది బట్టలోనే చుట్టాలి, కొన్న బట్ట తగలకూడదు. కబురు అందగానే ఆయన సేటు రాజలింగాన్ని అడిగి తాకా చివర రెండు మూరలు కోసుకుని, ఆ గంజివాసన కోరాబట్టతోనే దవాఖానాకు పరుగెత్తుకొచ్చాడు. తాకా చివరన నీలం సిరాతో రాసే గుర్తు అట్లాగే ఉంది దానిమీద: సాంచా నంబరు పదకొండు, ఎనిమిది ఎనిమిది రెండువేల ఆరు. కందిన మొహం, పిడికెడు జుట్టు, చుట్టీ చుట్టగానే ఏడుపు మానింది దొంగముండ, తండ్రి వాసన తెలిసినట్టు. ఆ బట్టలోనే దవాఖానావాళ్ళు ఇచ్చిన టీకాల కార్డు మడిచి, ట్రంకుపెట్టె అడుగున పెట్టింది కనకవ్వ. పిల్ల పోయిన రోజు నుంచి అది పెట్టెలో లేదు. తలగడ కింద ఉంటోంది. ఇవాళ చేతిసంచిలో ఉంది. ఎందుకు తెచ్చిందంటే ఏం చెబుతుంది? తోడుగా తెచ్చుకుంది, అంతే. పొద్దున మేడం నాబాలిగ్ అన్నప్పటినుంచీ ఆ సంచి ఒడిలో బరువెక్కుతోంది, చంటిపిల్ల నిద్రపోతే బరువెక్కినట్టు.

ముప్పై ఒకటి అన్నారు తెరమీద. ఎవరో ఇంగ్లీషులో గబగబా చదువుతున్నారు. కనకవ్వ కళ్ళు అటే ఉన్నా మనసు కార్ఖానాలోకి పోయింది. రెండు స్తంభాల నడుమ చీర కట్టి ఊయల వేసేది, ఆ చప్పుడులో పిల్ల కమ్మగా నిద్రపోయేది, కరెంటు పోయిందా, సాంచాలు ఆగడమే తడవు కెవ్వుమని లేచేది. దానిదొక్కదానిదేనా, సందులో పిల్లలంతా ఒక్కసారి లేచి ఏడ్చేవాళ్ళు, తల్లులంతా కరెంటువాణ్ణి తిట్టేవాళ్ళు. మాటలు కూడా కోమల్ అక్కడే నేర్చింది. సాంచాల నడుమ గొంతు పనికిరాదు, పెదవులే మాట. ఎదుటి మనిషి చూపు కలిసేదాకా ఆగి, నోరు నిండుగా తెరిచి, చప్పుడు లేకుండా చెప్పాలి, వాళ్ళు పెదవులు చూసి తెలుసుకుంటారు. వెనక నిలబడి మాట్లాడితే గోడకు చెప్పినట్టే. కోమల్ ఇంకా కూతలు రాకముందే ఊయల్లోంచి పెదవులతో నాయినా నాయినా అనేది, ఆయన పదకొండో నంబరు దగ్గర తెగిన పోగు ముడివేస్తూ ఇటు చూసి మురిసిపోయేవాడు. ఆయన సాంచా స్తంభానికి మార్కండేయుడి పటం, పక్కన దువ్వెన, అరచేతంత అద్దం. ఆ ఋషి కథ మాత్రం తక్కువదా? పదహారేళ్ళే అని లెక్క రాసుకుని యముడు వస్తే, లెక్క తప్పించి వెనక్కి పంపారు. మన నేతవాళ్ళ మూలపురుషుడికే వయసు లెక్క తప్పింది, మన పిల్లదొక లెక్కా, అని రథం రోజున సిద్ధిరాములు చమత్కారాలు పోయేవాడు. ఇప్పుడు అన్నీ గుర్తొచ్చి చంపుతున్నాయి.

వైభవ్ చెడ్డవాడా అంటే కాదు. అదే ఒళ్ళు మండే సంగతి, చెడ్డవాడైతే హాయిగా శాపనార్థాలు పెట్టుకునేది. ఇరవైమూడేళ్ళ మరాఠీ పిల్లగాడు, కనేరి నుంచి తాకాలు ఎత్తుకుని మాన్కోలి గోడౌన్లకు టెంపో నడుపుతాడు, తల్లి సోలాపూర్‌లో. సందులో బండి తిప్పుకోవడానికి గంట పట్టినా ఒక్క తిట్టు తిట్టడు. కాకూ కాకూ అని, పిన్నిని పిలిచినట్టు పిలుస్తూ, కనకవ్వ కండెల గంప తనే ఎత్తి లోపల పెట్టేవాడు, ఆమె కూడా రెండుసార్లు సర్వపిండి పెట్టింది, పెట్టిన చేతిని ఆ తర్వాత తనే తిట్టుకుంది. పిల్ల టెంపో దగ్గర నవ్వుతూ కనిపించిన రోజున కార్ఖానా గుమ్మంలో నిలబడి, సాంచాల మాటలోనే, పెదవులు పళ్ళు అన్నీ కలిపి, ఇంకోసారి వాడి పక్కన కనిపిస్తే కాళ్ళు విరగ్గొడతానంది. పిల్ల తల వంచుకుంది. అంత పెద్ద మాట ఎందుకన్నట్టు? మన కులం కాదు, మన మాట కాదు, నలుగురూ ఏమంటారు, ఇవే. ఏ నలుగురు? నలభై రోజుల్లో ఒక్కరైనా వచ్చి నీ కూతురు తిన్నదా అని అడిగారా?

ముప్పైమూడు. ఎవరికో జైలు నుంచి నాలుగు రోజులు సెలవు ఇవ్వాలా వద్దా అన్న గొడవట, పాపం వాళ్ళమ్మ కూడా ఎక్కడో ఇట్లాగే కూర్చుని ఉంటుంది. సరిగ్గా అప్పుడు తెర మూలన ఇంకో గడి వెలిగింది. గోడ, గోడకు గడియారం, పక్కన ఒక ఆడ పోలీసు భుజం, నడుమ కోమల్. మాలతి మేడం ఏదో నొక్కింది, ఆ గడి అరచేయంత అయింది. "మైకులు బందున్నయి అక్కా, మన నంబరు వచ్చేదాక ఏం మాట్లాడినా వాళ్ళకు ఇనవడది, వాళ్ళది మనకు ఇనవడది," అంది మేడం. పాపం ఆమెకేం తెలుసు! పిల్ల కళ్ళు ఒక్కక్షణం అటూ ఇటూ వెతికి వీళ్ళ గడి మీద ఆగాయి. చూపు కలిసింది. కోమల్ చిన్నప్పటిలా నోరు నిండుగా తెరిచింది.

"అమ్మా, తిన్నవా?"

కనకవ్వ ఏడవకూడదనుకుంది. ఏడిస్తే పెదవులు వంకరపోతాయి, పిల్లకు మాట అందదు. "నువ్వు తిన్నవా ముందు?" అంది, చప్పుడు లేకుండా. తిన్నానంది. పోహా పెట్టారంది, మన అటుకులంత మంచిగ లేవంది. పచ్చ చున్నీ ఎవరిదో, వైభవ్ తల్లిదే కాబోలు, జుట్టు మాత్రం చక్కగా దువ్వి జడవేసి ఉంది, నూనె కూడా పెట్టారు, పెట్టినామె ఎవరో చేతులు చల్లగుండ, అనుకుంది కనకవ్వ, అనుకుని ఆ వెంటనే అసూయపడింది కూడా. తెర మధ్యమధ్య ఆగిపోతోంది, పిల్ల మొహం సగం మాటలో బిగుసుకుని మళ్ళీ కదులుతోంది. "నాయినకు చెవుల మందు ఏస్తున్నవా?" "ఎవలు ఏస్తే ఏపించుకుంటడు? నువ్వు ఏస్తెనే ఊకుంటడు, నేను ఏస్తే మంట అంటడు." "జబర్దస్తీ ఏయి అమ్మా. మూడు చుక్కలు. డాక్టర్ చెప్పలేదా, బంద్ చేస్తే అది సుత పోతదని!" అని కళ్ళెర్రజేసింది. నలభై రోజులు మాయమైన పిల్ల, ఠాణాలో కూర్చుని, తల్లిని కసురుతోంది! సిద్ధిరాములు పక్కన కుర్చీలో ముందుకు జరిగాడు.

"చెప్పి పోతే ఏమైతుండె బిడ్డా?" అని కనకవ్వే అడిగింది, ఇన్ని రోజుల కోపమంతా ఆ నాలుగు మాటల్లో పెట్టి. కోమల్ కళ్ళు దించుకుని మళ్ళీ ఎత్తింది. "చెప్పిన. ఆయీ శప్పత్, అమ్మతోడు. పొద్దుగాల కార్ఖానకు పోయి నాయినకు చెప్పిన. ఆయిన ఇటు మళ్ళలే. నాకు ముందలికొచ్చి చెప్పే హిమ్మత్ లేకుండె." వెనక నిలబడి చెప్పింది, గోడకు చెప్పినట్టు. కనకవ్వ ఓరకంట పెనిమిటిని చూసింది. ఆయన రెప్ప వేయకుండా తెరనే చూస్తున్నాడు. "వైభవ్?" అని అడగకూడదనుకుంటూనే అడిగింది. "బయట బెంచి మీద కూసుండవెట్టిన్రు. వాళ్ళమ్మ సుత అక్కడనే ఉన్నది, ఏడుస్తున్నది. నేను ఆమె దగ్గరనే పండుకుంటున్న అమ్మా, నువ్వేం పికర్ చేయకు. పెండ్లి కాలే. నువ్వు లేకుండ ఎట్ల చేసుకుంట?" తర్వాత పక్కింటి శోభక్క బిడ్డకు జ్వరం తగ్గిందా అని అడిగింది, కండెల మిషను బెల్టు మార్పించావా అని అడిగింది, ఇంట్లో ఎలుక దొరికిందా అని కూడా అడిగింది. ఒక్కటి మాత్రం అడగలేదు. నా వయసు చెప్పు అమ్మా అని అడగలేదు. ఆ కార్డు ఉందని దానికి తెలుసు, చిన్నప్పుడు ట్రంకుపెట్టె బోర్లించి ఆ బట్ట చుట్టుకుని ఇల్లంతా తిరిగిన పిల్లే కదా. తల్లి ఒక్క మాటతో అంతా తేలిపోతుందని తెలుసు, అడిగితే తల్లికి ఎంత కష్టమో అదీ తెలుసు. అందుకే ఎలుక గురించి అడిగింది. అడిగితే బాగుండు, తిట్టి కాదనేది, మొండికేసేది. అడగనిదాన్ని ఎట్లా కాదంటుంది?

కానీ ఇంటికొస్తుంది కదా! నోరు మూసుకుని ఐదు నిమిషాలు కూర్చుంటే చాలు, పిల్ల ఇంటికి వస్తుంది. తల్లి నోరు విప్పలేదని ఎవరు పట్టుకుంటారు? అన్నం వండి, పక్కన పడుకోబెట్టుకుని, జడ విప్పి మళ్ళీ వేసి... ఆ పిల్ల గోడవైపు తిరిగి పడుకుంటుంది. బెంచి మీద కూర్చున్నవాడు లోపలికి పోతాడు, వాడి తల్లి కండ్లలో నీళ్ళు ఈ ఇంటి అన్నంలో పడతాయి. కాగితం కోమల్ వస్తుంది ఇంటికి. ఇంటి కోమల్ రాదు. కనకవ్వకు తెలియకుండానే చెయ్యి సంచిలోకి పోయింది, బట్ట ముడి తగిలింది, వేళ్ళు ఆగిపోయాయి. విప్పలేకపోయింది. పక్కనుంచి ఒక చెయ్యి వచ్చి ఆమె మణికట్టు మీద పడింది, గంజికి పగిలి, పోగులకు రాచుకుని గట్టిపడ్డ చెయ్యి. తలెత్తి చూస్తే సిద్ధిరాములు ఆమె మొహంలోకే చూస్తున్నాడు. పెదవులతో, నిదానంగా అన్నాడు: "ఇప్పు."

ముప్పైనాలుగు పిలిచారు. మైకులు తెరుచుకున్నాయి, ఎక్కడో దగ్గు, ఎక్కడో కాగితాల చప్పుడు. సర్కారు వకీలు నిలబడి, బడి సర్టిఫికెట్ ప్రకారం అమ్మాయి పుట్టింది రెండువేల ఎనిమిది జూన్ ఒకటిన అని చదివాడు. ఇద్దరు జడ్జిల్లో పెద్దాయన పిల్లను మరాఠీలో అడిగాడు, నీకెన్నేళ్ళమ్మా అని. పందొమ్మిది అంది కోమల్. ఏమైనా రుజువు ఉందా అన్నాడు. కోమల్ ఇటు చూసింది, చూసి తల అడ్డంగా ఊపింది. లేదు! లేదంది పిచ్చిముండ, తల్లిని ఇరుకున పెట్టకూడదని ఉన్నదాన్ని లేదంది! కనకవ్వ కుర్చీలోంచి లేచి నిలబడింది. మాలతి మేడం కొంగు పట్టి లాగింది, అక్కా నేను మాట్లాడతా అంటోంది. ఎవరు ఆగుతారు? సాంచాల మీదుగా పిలిచే గొంతుతో, తన బజారు హిందీలో, కోర్టు మొత్తం ఉలిక్కిపడేటట్టు అరిచింది. "సాబ్, కాగితం తప్పు! కన్నది నేను. నా బిడ్డకు పందొమ్మిది నిండినయి. బడిల చేర్పిచ్చెటప్పుడు మేమే తగ్గిచ్చి చెప్పినం. ఇగో దవాఖాన టీకాల కార్డు, ఇగో దాని తండ్రి సాంచా మీద కోసిన బట్ట, తారీఖు చూడు సాబ్, నీలం సిరా, ఇప్పటికి పోలే." రెండు చేతులతో బట్ట విప్పి తెరకు అడ్డంగా పట్టింది. పట్టుకున్న బట్ట వెనక ఆమె మొహం ఎవరికీ కనిపించలేదు.

జడ్జి ముందుకు వంగి బట్టమీది అంకెలు చూశాడు. తర్వాత హిందీలో, మెల్లగా అడిగాడు. అమ్మా, ఇది మీరే చెబుతున్నారు, ఇది నిజమైతే మీ అర్జీ ఇక నిలవదు, అమ్మాయి ఎక్కడ ఉంటానంటే అక్కడే ఉంటుంది, తెలుసా? "ఎరికే సాబ్," అంది బట్ట వెనక నుంచే. బట్టను కాదు, కార్డును దవాఖానా దఫ్తరుతో సోమవారానికల్లా సరిచూడమన్నాడు, అప్పటిదాకా పిల్లగాడి మీద చెయ్యి వేయొద్దన్నాడు, అమ్మాయిని ఎక్కడ ఉంటావని అడిగాడు. వైభవ్ వాళ్ళమ్మ దగ్గర అంది కోమల్. ఆ పిల్ల ఏడుస్తోంది. ఏడుస్తూనే, గడి ఆరిపోయేలోగా, చెవి చూపించి మూడు వేళ్ళు ఎత్తింది. ముప్పైఐదు అన్నారు. తెర నల్లబడింది, నల్లటి అద్దంలో కనకవ్వ, సిద్ధిరాములు మిగిలారు.

మాలతి మేడం కళ్ళజోడు తీసి తుడుచుకుంది. నీళ్ళు తెస్తా అని లోపలికి పోయింది. కింద సాంచాలు నడుస్తూనే ఉన్నాయి. సిద్ధిరాములు ఇస్త్రీ చొక్కా జేబులోంచి చిన్న సీసా తీశాడు, చెవుల మందు. రోజూ జేబులోనే పెట్టుకుని తిరుగుతున్నాడన్నమాట, ఎవరికీ చెప్పకుండా! సీసా కనకవ్వ చేతిలో పెట్టి, చాడీలు చెప్పినవు కదా పిల్లకు అన్నట్టు ఒక చూపు చూసి, కళ్ళు మూసుకుని తల ఆమె ఒళ్ళోకి వంచాడు. వకీలు ఆఫీసని లేదు, ఎవరైనా వస్తారని లేదు. ఒకటి, రెండు, మూడు. మంట అనలేదు. కోరాబట్ట అంచుతో చెవి తుడిచింది. మందు నిండిన చెవి వినదు, మూసిన కన్ను పెదవులు చూడదు, ఇక ఆ మనిషికి ఏం చెప్పినా గోడకు చెప్పినట్టే కదా అని ధైర్యం వచ్చి, కనకవ్వ గొంతు విప్పి పైకే చెప్పుకుంది. "పోయింది ఇగ మన పిల్ల. ఎన్క నిలవడి చెప్పిందట పాపం, నువ్వు మళ్ళకపోతివి. ఒక్కపారి మళ్ళితే ఏమైతుండెనయ్యా?"

ఆమె ఒడి ఆయన దవడ కింద అదిరిందో, ఇన్నేళ్ళ కాపురంలో ఆ వేళకు ఆమె ఏమంటుందో తెలుసో, ఆయన కళ్ళు తెరవకుండానే జవాబు చెప్పాడు, చెవిటివాళ్ళ పెద్ద గొంతుతో.

"చూసిన. పటం పక్కకున్న అద్దంల చూసిన. నాయినా పోతున్న, కోపం చేయకు అన్నది. మళ్ళితే చెయ్యి పట్టుకుని ఆపేటోణ్ణి. అందుకే మళ్ళలే."

కనకవ్వ సీసా బల్లమీద పెట్టింది. ఆయన మొహాన్ని రెండు చేతులతో తన వైపు తిప్పుకుని, కళ్ళు తెరిచేదాకా ఆగి, పెదవులతో అడిగింది.

"మరి ఈ మనిషి అర్జీ ఎందుకేసినవయ్యా?"

"అద్దంల ఉల్టా కనవడ్డది," అన్నాడు సిద్ధిరాములు. "ఒక్కసారి సీదా చూద్దామని."